ఖాళీ ఊరికి చదివిన కాగితం

1513లో స్పెయిన్ రాజుగారి కొలువులో హువాన్ లోపెజ్ దె పలాసియోస్ రూబియోస్ అనే న్యాయపండితుడు ఒక కాగితం రాశాడు. దాన్ని 'రెకెరిమియెంతో' అంటారు. మన కచేరీ భాషలో తాఖీదు అనుకోండి. అమెరికా ఖండంలో ఏ ఊరి మీద పడబోయినా, కత్తి దూసే ముందు దాన్ని అక్కడి జనానికి చదివి వినిపించాలి. అందులో సంగతి ఇదీ: లోకాన్ని దేవుడు సృష్టించాడు, మనుషులందరి మీద పెద్దరికం సెయింట్ పీటర్‌కి ఇచ్చాడు, ఆయన తర్వాత ఆ గద్దె మీదికొచ్చిన పోప్ ఈ నేలని స్పెయిన్ రాజులకి రాసిచ్చాడు. ఒప్పుకుంటే సరే, ఆలోచించుకోడానికి కొంత టైమ్ ఇస్తాం. ఒప్పుకోకపోతే యుద్ధం చేస్తాం, మీ పెళ్లాం పిల్లల్ని బానిసలుగా అమ్ముకుంటాం, ఆ చావులకీ నష్టాలకీ తప్పు మీదే తప్ప రాజుగారిది కాదు.

చివర్లో ఇంకో అంశం ఉంది. ఈ మాటలన్నీ మీకు చెప్పామని పక్కనున్న నోటరీ రాతపూర్వకంగా ధ్రువీకరించాలి, అక్కడున్నవాళ్లు సాక్షులుగా ఉండాలి.

స్పెయిన్ దండయాత్ర అనగానే మనకి గుర్తొచ్చేవి గుర్రాలు, తుపాకులు, మశూచి, బంగారం. 1519లో మెక్సికోలో దిగిన కోర్తెస్, 1532లో కహమార్కాలో ఇంకా రాజు అతావాల్పాని పట్టుకున్న పిజారో. ఇవన్నీ నిజమే. కానీ ఈ కథ ఎప్పుడు చదివినా నా చూపు ఆ నోటరీ దగ్గరే ఆగుతుంది. ఊరిని కాల్చబోయేవాడికి సర్టిఫికెట్ ఎందుకు? దోచుకోవడం ఒకటే పనైతే దానికి కాగితం అక్కర్లేదు. దోచుకున్నది తనదే అని రేపు కోర్టులో, చర్చిలో, తన మనసులో కూడా చెప్పుకోవాలంటే మాత్రం కాగితం కావాలి.

1514లో పెద్రారియాస్ దావిలా దండుతో పాటు వెళ్లిన ఒవియెదో ఈ తాఖీదు గురించి తన చరిత్రలో రాసుకున్నాడు. వాళ్లు ఒక ఊళ్లోకి వెళ్లేసరికి మనుషులు లేరు, అందరూ పారిపోయారు. ఖాళీ ఇళ్ల మధ్య నిలబడి కాగితం చదివేశారు. మనుషులున్న చోట చదివినా అది ఏ భాషలో ఉందో వాళ్లకి తెలీదు కాబట్టి పెద్ద తేడా ఏమీ లేదనుకోండి. చెట్లకి వినిపించినా నోటరీ ఫైల్లో 'వినిపించడమైనది' అనే రాసుంటాడు.

ఇదంతా ఎక్కడో సముద్రాల అవతలి సంగతి. కానీ చదువుతుంటే హైదరాబాద్ సంస్థానమే గుర్తొస్తుంది. స్పెయిన్ వాళ్ల 'ఎన్కొమియెండా' అనే ఏర్పాటుకి మన దగ్గర జాగీరు కొంత దగ్గరగా వస్తుంది. ఊరినీ, ఊరి కష్టాన్నీ ఒక పెద్దమనిషి పేరున రాసివ్వడం. పొతోసీ వెండి గనులకి వంతులవారీగా మనుషుల్ని తోలిన 'మితా' గురించి చదివితే వెట్టి అనే మాట దానంతటదే నోట్లోకి వస్తుంది. పోలికల్ని ఇంతకన్నా సాగదీయను. ఇక్కడ రోగాలతో జనం తుడిచిపెట్టుకుపోలేదు, దేవుళ్లని తగలబెట్టలేదు. అయితే కాగితం చేసిన పని మాత్రం రెండు చోట్లా ఒకటే.

ఆదిలాబాద్ గోండుల్నే చూడండి. వాళ్లు అడవి కొట్టి, చేను చేసుకుని, నేల అలిసిపోతే పక్కకి జరిగేవాళ్లు. నేల ఎవరిదంటే దున్నినవాడిది, లేదా ఊరి దేవతది. సర్కారు వచ్చి రిజర్వు అడవికి గీత గీసింది, సర్వే చేసింది, పట్టాలు రాసింది. పై ఆఫీసుల్లో కాగితాలు ఉర్దూలో నడిచేవి, గోండులు మాట్లాడేది గోండి. ఎప్పుడు ఎక్కడ దరఖాస్తు పెట్టాలో తెలిసినవాళ్లు బయటినుంచి వచ్చి పట్టాదారులయ్యారు. తరాల నుంచీ దున్నుతున్నవాళ్లు తమ చేనులోనే ఆక్రమణదారులయ్యారు. దీనికి తుపాకీ అవసరం పడలేదు.

తుపాకీ తర్వాత వచ్చింది. 1940లో జోడేఘాట్ దగ్గర కొమురం భీమ్‌నీ, ఆయన మనుషుల్నీ నిజాం పోలీసులు కాల్చి చంపారు. భీమ్ అనగానే మనకి చేతిలో తుపాకీ ఉన్న విగ్రహం కళ్లముందు నిలబడుతుంది. జనం చెప్పుకునే కథలో మాత్రం అంతకుముందు ఇంకో భీమ్ ఉన్నాడు. ఊరొదిలిపోయి చదవడం రాయడం నేర్చుకున్నవాడు, అస్సాం తేయాకు తోటల్లో పనిచేసి తిరిగొచ్చినవాడు, గోడు చెప్పుకోడానికి నిజాం దర్బారు దాకా వెళ్లి దర్శనం దొరక్క వెనక్కి తిరిగినవాడు. నాకు ఈ భీమే ఎక్కువ గుర్తుంటాడు. ముందు కాగితం పట్టుకునే వెళ్లాడు.

భీమ్ చనిపోయాకే సర్కారుకి వినబుద్ధేసింది. రెండో ప్రపంచ యుద్ధం మూలంగా హైదరాబాద్ సంస్థానంలో చిక్కుబడిపోయిన ఆస్ట్రియా మానవశాస్త్రవేత్త హైమెన్‌డార్ఫ్‌ని గోండుల స్థితి చూసి రిపోర్ట్ ఇవ్వమని అడిగింది. ఆయన రిపోర్టుల తర్వాత లక్ష ఎకరాలకు పైగా నేలకి ఆదివాసుల పేరున పట్టాలొచ్చాయి. మార్లవాయిలో గోండు టీచర్లకి ట్రైనింగ్ మొదలైంది, దేవనాగరి లిపిలో గోండి వాచకాలు తయారయ్యాయి. స్పెయిన్ కథలో ఈ చోటు లాస్ కసాస్‌ది. మొదట్లో తనూ ఎన్కొమియెండా అనుభవించి, 1514లో వదులుకుని, మిగతా జీవితమంతా రాజుకి రిపోర్టులు రాస్తూ గడిపిన పాద్రీ. ఆయన పోరు వల్ల 1542లో కొత్త చట్టాలొచ్చాయి. పెరూలో ఎన్కొమియెండా దొరలు తిరగబడి ఏకంగా వైస్రాయినే చంపేశారు, చట్టాలు సగానికి సగం నీరుగారిపోయాయి. హైమెన్‌డార్ఫ్, లాస్ కసాస్ ఇద్దరూ మంచివాళ్లే. నన్ను ఇబ్బంది పెట్టేది ఒకటే: రాజుకి వినిపించాలంటే గోండు గోడుని ఇంకొకరు రాయాల్సి వచ్చింది.

సొంతంగా రాసినవాడి గతి కూడా చెప్తాను. పెరూలో వామన్ పోమా అనే ఆదివాసి పెద్దమనిషి తన కుటుంబ భూమి కోసం స్పెయిన్ కోర్టుల్లో దావా వేసి నడిపాడు. 1600లో ఓడిపోయాడు. భూమి పోవడమే కాదు, కొరడా దెబ్బలూ ఊరి బహిష్కారమూ శిక్షగా పడ్డాయి. తర్వాత కూర్చుని రాజు మూడో ఫిలిప్‌కి ఉత్తరం రాశాడు. దాదాపు 1,200 పేజీలు, అందులో 400కి దగ్గరగా బొమ్మలు. స్పానిష్‌లో, మధ్యమధ్య తన కెచువాలో. 1615 ప్రాంతంలో పూర్తిచేశాడు. ఆ రాతప్రతి 1908లో డెన్మార్క్ రాజధాని కోపెన్‌హాగెన్ లైబ్రరీలో బయటపడింది. దాదాపు మూడు వందల ఏళ్లు.

ఇక బొంరాస్‌పేట. పక్కనున్న కొడంగల్, తాండూరులది నిజాం కాలంలో గుల్బర్గా జిల్లా. 1956లో ఇటు కలిశాయి. ఈ చుట్టుపక్కల లంబాడీ తండాలు ఎక్కువ. ఒకప్పుడు ఎద్దుల మీద ధాన్యం, ఉప్పు వేసుకుని దేశమంతా తిరిగిన మనుషులు. రైలు వచ్చి ఆ బతుకుని తీసేసింది. బ్రిటిష్ ఇలాకాలో 1871 చట్టం సంచార జాతుల్ని పుట్టుకతోనే నేరస్తులుగా లెక్కగట్టింది. తెలంగాణలో లంబాడీలు ఎస్టీ జాబితాలోకి వచ్చింది 1970ల్లో. వికారాబాద్ జిల్లా షెడ్యూల్డ్ ఏరియా కాదు కాబట్టి 1/70 చట్టం ఇక్కడ వర్తించదు. చేతిలో ఉన్నది ఎకరమో రెండెకరాలో, చాలామందికి అదీ లావణి పట్టా.

ఒకప్పుడు బొంరాస్‌పేట మండలంలో ఉండి, ఇప్పుడు దుద్యాల మండలంలోకి వెళ్లిన లగచర్ల పేరు 2024లో అందరూ విన్నారు. ఫార్మా కంపెనీల కోసం లగచర్ల, హకీంపేట, పోలేపల్లి, రోటిబండ తండా, పులిచెర్లకుంట తండాల్లో 1,300 ఎకరాల పైచిలుకు భూమి తీసుకుంటామని నోటిఫికేషన్ వచ్చింది. నవంబర్ 11న ప్రజాభిప్రాయ సేకరణ. సభ పెట్టిన చోటు ఊరికి దూరం. జనం అక్కడికి రాలేదు, అధికారులే ఊళ్లోకి వెళ్లారు. అక్కడ వాళ్ల మీద దాడి జరిగింది, తర్వాత పదుల సంఖ్యలో అరెస్టులు జరిగాయి.

దీన్ని స్పెయిన్ దండయాత్ర అనడం చరిత్రకి అన్యాయం చేయడమే. ఇది ఓట్లు వేసి గెలిపించుకున్న ప్రభుత్వం, కోర్టులున్నాయి, మానవ హక్కుల కమిషన్ వచ్చి చూసింది. అధికారి మీద చెయ్యి చేసుకోవడాన్ని నేను సమర్థించను. నా ప్రశ్న అంతకుముందటి ఖాళీ కుర్చీల గురించి. ఒవియెదో కాగితం చదివిన ఊళ్లో జనం భయపడి పారిపోయారు కాబట్టి లేరు. ఇక్కడ జనం ఇళ్లలోనే ఉన్నారు, సభకి మాత్రం పోలేదు. "మేం ఇయ్యం" అని చెప్పడానికి అదీ ఒక పద్ధతే. రికార్డులో దాన్ని ఏ గడిలో నింపుతారు? గైర్హాజరు అంటారా, అభ్యంతరం అంటారా?

నెలాఖరుకి ఫార్మా నోటిఫికేషన్ వెనక్కి తీసుకున్నారు. వెంటనే ఇండస్ట్రియల్ పార్క్ కోసమని కొత్త నోటిఫికేషన్ వచ్చింది. అందులోనూ అవే ఊళ్ల పేర్లున్నాయి.