ప్రభుత్వ భూమి అని తేల్చేదెవరు?

మద్రాసు ప్రభుత్వం 1905లో చేసిన భూ ఆక్రమణల చట్టం ఇప్పటికీ మన రెండు రాష్ట్రాల్లో తహసీల్దార్ల చేతిలో ఉంది. రోడ్లు, వాగులు, చెరువులు, సముద్ర తీరమే కాదు, జమీందారుకో ఇనాందారుకో పట్టాదారుకో చెందినట్టు తేలని నేలంతా సర్కారుదేనని ఆ చట్టం చెబుతుంది. అందులో ఎవరైనా కాలు పెడితే శిస్తు, జరిమానా వేయవచ్చు. నోటీసు ఇచ్చి, జవాబు విని, ఖాళీ చేయించవచ్చు. ఇదంతా రెవెన్యూ అధికారే చేస్తాడు. భూమి తనదని చెప్పేదీ, ఆ మాట నిజమా కాదా అని తీర్పు చెప్పేదీ ఒకే శాఖ. నూట ఇరవై ఏళ్లుగా కోర్టుల్లో నడుస్తున్న తగాదాలకు మూలం ఇదే.

అయితే ఊళ్లలో ఈ చట్టం అసలు ఉద్దేశానికి భిన్నంగా పాతుకుపోయింది. బంజరును దున్నుకున్న పేదవాణ్ణి వెళ్లగొట్టడం కన్నా అతని దగ్గర డబ్బు వసూలు చేసుకోవడం సర్కారుకు లాభం. అందుకే ఏటేటా ఆక్రమణకు డబ్బు కట్టమనే బీ మెమో ఇచ్చేవారు, పట్టా లేని సాగుకు శివాయి జమ కింద శిస్తు కట్టించుకునేవారు. రైతు ఆ రసీదులను పట్టాతో సమానంగా ట్రంకు పెట్టెలో దాచుకున్నాడు. తీరా వివాదం వచ్చాక కోర్టులు వాటిని సాగుకు రుజువుగా చూశాయే తప్ప హక్కుకు రుజువుగా ఒప్పుకోలేదు. పైగా బీ మెమో మీద డబ్బు కట్టడమంటే భూమి సర్కారుదని ఒప్పుకోవడమేనన్న వాదనకు తావిచ్చాయి. మూడు తరాలు నమ్మిన కాగితమే ఆ కుటుంబానికి ఎదురు సాక్ష్యమైంది. ఇంతకన్నా పెద్ద అన్యాయం ఈ చరిత్రలో నాకు కనిపించదు.

నిజాం రాజ్యంలో చిక్కు వేరు. అక్కడ 1317 ఫసలీ నాటి భూమి శిస్తు చట్టం నడిచేది. సర్కారు దివానీ, నిజాం సొంత సర్ఫేఖాస్, ప్రభువుల పాయిగా, జాగీరు అంటూ భూమికి రకరకాల యజమానులు. 1949లో సర్ఫేఖాస్ దివానీలో కలిసింది, జాగీర్లు రద్దయ్యాయి. లక్షల ఎకరాల యాజమాన్యం కాగితం మీద మారింది కానీ, ఏ సర్వే నంబరు ఎవరిదన్న లెక్క ఉర్దూ దస్త్రాల్లోనే ఉండిపోయింది. నగరం పెరిగి ఎకరం కోట్లు పలికే రోజు వచ్చాక ఆ దస్త్రాల దుమ్ము దులిపారు.

రాజ్యాంగం వచ్చాక సర్కారు పట్టును కోర్టులు ప్రశ్నించడం మొదలైంది. ప్రభుత్వ భవనాల నుంచి ఖాళీ చేయించే 1950 నాటి కేంద్ర చట్టం హైకోర్టుల్లో నిలవలేదు. దాని స్థానంలో వచ్చిన 1958 చట్టానికీ చిక్కులు ఎదురై, చివరికి 1971 చట్టం వచ్చింది. 1961లో పంజాబులోని ఒక ధర్మశాల కేసులో సుప్రీంకోర్టు కఠినంగానే మాట్లాడింది. స్థలం సర్కారుదే అయినా, దాని మీద ధర్మశాల కట్టి ఏళ్ల తరబడి నడుపుతున్నవారిని చట్టం దారిన పోకుండా బలవంతంగా గెంటేయడం చెల్లదని తేల్చింది.

మన ప్రాంతానికి గీటురాయిగా నిలిచింది హబ్సిగూడ కేసు. ఉస్మానియా విశ్వవిద్యాలయం కోసం నిజాం ప్రభుత్వం అక్కడ భూములు సేకరించింది. వాటిలో కొన్ని ప్లాట్లు తమవేనంటూ విశ్వవిద్యాలయం 1956లో సివిల్ దావా వేసి 1959లో ఓడిపోయింది. ఒక ప్లాటును అసలు సేకరించనే లేదనీ, మిగతావి దావాకు ముందు పన్నెండేళ్లలో తమ స్వాధీనంలో ఉన్నట్టు విశ్వవిద్యాలయం రుజువు చేయలేకపోయిందనీ కోర్టు చెప్పింది. తరవాత అక్కడున్నవారిని ఖాళీ చేయించమని విశ్వవిద్యాలయం ప్రభుత్వాన్ని కోరింది. 1964లో తహసీల్దారు 1905 చట్టం కింద ఖాళీ చేయమని ఆదేశించాడు. సివిల్ కోర్టులో గెలవని భూమికి రెవెన్యూ నోటీసుతో ప్రయత్నం చేశారన్నమాట.

ఈ కేసులో 1982 మార్చిలో సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు ప్రతి తహసీల్దారూ చదవదగ్గది. ప్రధాన న్యాయమూర్తి వై.వి. చంద్రచూడ్ చెప్పిన సారం ఇది: హక్కు గురించి నిజాయితీగల వివాదం ఉన్నప్పుడు, ఆస్తి నాదేనని ప్రభుత్వం తనకు తానే నిర్ణయించుకుని ఈ దగ్గరి దారి తొక్కకూడదు. సివిల్ కోర్టుకే వెళ్లాలి. ఎన్నేళ్లుగా ఉంటున్నారన్నది ఒక్కటే కొలమానం కాదు, కానీ దీర్ఘకాల స్వాధీనం వివాదం నిజమైనదేనని సూచించవచ్చు.

అదే ఏడాది రాష్ట్ర ప్రభుత్వం భూకబ్జాల నిషేధ చట్టం తెచ్చింది. ప్రత్యేక కోర్టులు పెట్టింది. భూమి సర్కారుదని ప్రాథమికంగా చూపితే చాలు, కబ్జా చేయలేదని నిరూపించుకునే బరువు అవతలివాడి మీద పడుతుంది. ఈ కాఠిన్యానికి కారణం లేకపోలేదు. హైదరాబాదు చుట్టూ చెరువు శిఖాలూ సర్కారీ గుట్టలూ బోగస్ కాగితాలతో మాయమవుతున్న కాలమది. పెద్దవాళ్లనూ ఆ చట్టం వదల్లేదు. హుస్సేన్ సాగర్ దగ్గరి జలదృశ్యం స్థలం విషయంలో స్వాతంత్ర్య సమరయోధుడు కొండా లక్ష్మణ్ బాపూజీ 2002లో సుప్రీంకోర్టు దాకా వెళ్లి ఓడిపోయారు. ఎంతకాలం ఉన్నా, భూమి తనదేనన్న భావంతో బాహాటంగా అనుభవించినట్టు రుజువైతేనే అది హక్కు అవుతుంది. పైగా సర్కారు మీద ఆ హక్కు సాధించాలంటే ముప్పై ఏళ్లు గడవాలి. 1963 కాలపరిమితి చట్టానికి ముందైతే అరవై ఏళ్లు.

మణికొండ జాగీరు భూముల సంగతి మరీ పెద్దది. దాదాపు 1,654 ఎకరాలు దర్గా వక్ఫువా, జాగీర్ల రద్దుతో సర్కారుకు దఖలు పడ్డాయా అన్న ప్రశ్నకు 2022 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు సర్కారు వైపే తీర్పు చెప్పింది.

ఇప్పుడు భూమి దక్కకుండా చేయడానికి ఖాళీ చేయించనక్కర్లేదు. రిజిస్ట్రేషన్ చట్టంలోని 22-ఏ కింద నిషిద్ధ జాబితాలో సర్వే నంబరు చేరిస్తే చాలు, అమ్మకం ఆగిపోతుంది. ఆంధ్రాలో చుక్కల భూముల కథ ఇదే. రీసెటిల్‌మెంట్ రిజిస్టరులో పట్టాదారు పేరు ఉండాల్సిన చోట బ్రిటిష్ కాలపు గుమాస్తా చుక్కలు పెట్టి వదిలేశాడు. శతాబ్దం తరవాత ఆ చుక్కలను ప్రభుత్వ భూమిగా చదివారు. రైతు పొలంలోనే ఉన్నాడు, దున్నుతూనే ఉన్నాడు, కానీ కూతురి పెళ్లికి అరెకరం అమ్ముకోలేకపోయాడు. ఈ చిక్కు విప్పడానికి 2017లో ప్రత్యేక చట్టమే చేయాల్సి వచ్చింది.

ఆక్రమణదారుడికి సైతం ముందు నోటీసు ఇవ్వాలన్నది 1905 నాటి వలస పాలకుల చట్టం. నిషిద్ధ జాబితాలోకి ఎక్కే రైతుకు ఆ పాటి మర్యాద కూడా దక్కడం లేదు. రిజిస్ట్రార్ ఆఫీసు కౌంటరు దగ్గరే అతనికి సంగతి తెలుస్తోంది. జాబితాలో చేర్చే ముందే అతనికి నోటీసూ, సర్కారు నమ్ముకున్న రికార్డు నకలూ అందాలి. అతని మాట వినేది రెవెన్యూ శాఖకు చెందని అధికారి అయి ఉండాలి.