తలుపు ఎవరి చేతిలో ఉంది?

1896లో పెన్సిల్వేనియా విశ్వవిద్యాలయం డబ్ల్యు.ఇ.బి. డుబాయిస్‌ను ఫిలడెల్ఫియాకు రప్పించింది. హార్వర్డ్ నుంచి డాక్టరేట్ పొందిన తొలి నల్లజాతి పండితుడాయన. నగరంలోని ఏడో వార్డులో నల్లవారి స్థితిగతులను అధ్యయనం చేయడం ఆయనకు అప్పగించిన పని. భార్యతో ఆ వార్డులోనే కాపురం పెట్టి, గడపగడపకూ తిరిగి వివరాలు సేకరించారు. ఆ శ్రమ ఫలితంగా 1899లో వెలువడిన ‘ది ఫిలడెల్ఫియా నీగ్రో’ అమెరికా సామాజిక శాస్త్రపు పునాది గ్రంథాల్లో ఒకటిగా నిలిచింది. ఇంత పని చేయించుకున్న విశ్వవిద్యాలయం ఆయనకిచ్చిన హోదా ‘అసిస్టెంట్ ఇన్‌స్ట్రక్టర్’. తరగతిలో పాఠం చెప్పే అవకాశం మాత్రం ఇవ్వలేదు.

1972లో అదే ప్రాంగణంలో, నల్లజాతి విద్యార్థుల చొరవతో ఒక వసతి గృహం ఆరంభమైంది. నల్లవారి చరిత్రకు, సంస్కృతికి, సాహచర్యానికి అది కేంద్రం కావాలన్నది సంకల్పం. ఏ జాతి విద్యార్థి అయినా అందులో చేరవచ్చు. ఈనాడు దాని పేరు డబ్ల్యు.ఇ.బి. డుబాయిస్ కాలేజ్ హౌస్.

ఇటువంటి గృహాలకు పుట్టుక నుంచీ ఎదురవుతున్న ప్రశ్న ఒకటే: వేర్పాటుకు వ్యతిరేకంగా అంతగా పోరాడినవారు మళ్లీ వేరే ఇల్లు ఎందుకు కోరుకున్నారు? జవాబు కావాలంటే విశ్వవిద్యాలయాల వసతి చరిత్రను కాస్త వెనక్కి తిరగేయాలి.

హార్వర్డ్‌లో మొదటి సంవత్సరం విద్యార్థులు ప్రాంగణంలోని వసతి గృహాల్లోనే ఉండాలన్న నియమం ఒకప్పుడు ఉండేది. నల్లవారికి మాత్రం అక్కడ చోటు లేదన్నాడు అధ్యక్షుడు లారెన్స్ లోవెల్. హార్వర్డ్ పట్టభద్రుడైన రాస్కో కాంక్లింగ్ బ్రూస్ 1922లో తన కుమారుడికి గది కోరగా, అదీ తిరస్కరణకు గురైంది. చదువులో సమాన అవకాశం ఇస్తామే గానీ, ఒకే కప్పు కింద ఉండమని తెల్లవారిని బలవంతపెట్టబోమన్నది లోవెల్ వాదన. నిరసనలు వెల్లువెత్తడంతో 1923లో పాలక మండలి ఆ నిషేధాన్ని తొలగించింది. ఇరుజాతులవారూ కలిసి నివసించి తీరాలన్న నిర్బంధం ఉండదని కూడా అదే తీర్మానంలో చేర్చింది. తలుపు తెరుచుకుంది; స్వాగతం పలికేవారు లేరు.

1960ల చివర్లో పేరొందిన విశ్వవిద్యాలయాలు నల్లజాతి విద్యార్థులను మునుపటికంటే ఎక్కువగా చేర్చుకున్నాయి. ప్రవేశం దొరికింది గానీ భద్రత, ఆదరణ దొరకలేదు. 1969 ఏప్రిల్‌లో కార్నెల్‌లో నల్లజాతి విద్యార్థినులు నివసించే వారీ హౌస్ ముంగిట ఎవరో శిలువను తగలబెట్టారు. అమెరికాలో ఆ మంట అర్థం తెలియని నల్లజాతి కుటుంబం లేదు. మర్నాడే విద్యార్థులు విలర్డ్ స్ట్రెయిట్ హాల్‌ను ఆక్రమించారు. 1972లో కార్నెల్‌లోనూ ‘ఉజమా’ పేరుతో వసతి గృహం వచ్చింది. కుటుంబభావం అనే అర్థమున్న ఆ స్వాహిలీ మాట, టాంజానియా నాయకుడు జూలియస్ నైరేరే రాజకీయాల ద్వారా ప్రపంచానికి తెలిసింది.

వ్యతిరేకత తెల్లవారి నుంచే రాలేదు. మనస్తత్వ శాస్త్రవేత్త కెన్నెత్ క్లార్క్, తన భార్య మేమీతో కలిసి బొమ్మలతో చేసిన ప్రయోగాల ద్వారా, వేర్పాటు పసిమనసులను ఎలా గాయపరుస్తుందో చూపినవాడు. 1954లో బ్రౌన్ కేసులో సుప్రీంకోర్టు ఉటంకించిన పరిశోధనల్లో ఆయనదీ ఒకటి. ఆంటియోక్ కళాశాలలో నల్లవారికి ప్రత్యేక ఏర్పాట్లు జరిగినప్పుడు, 1969లో ఆయన అక్కడి ధర్మకర్తల మండలికి రాజీనామా చేశారు. ఆయన ఆక్షేపణ తేలిగ్గా కొట్టివేయదగినది కాదు. ఒక మూల గదులు కేటాయించేసి, మిగతా ప్రాంగణాన్ని ఎప్పటిలాగే ఉంచుకునే సౌకర్యం అటువంటి ఏర్పాటు వల్ల యాజమాన్యాలకు దొరకవచ్చు.

అయితే ఈ చర్చకు డుబాయిస్ 1934లోనే ఒక గీటురాయిని అందించారు. వివక్షనూ, తమవారితో కలిసి ఉండాలన్న ఇచ్ఛనూ ఒకే గాటన కట్టరాదని ‘ది క్రైసిస్’ పత్రికలో వాదించి, తాను నిర్మించిన ఎన్‌ఏఏసీపీ నాయకత్వంతోనే తలపడ్డారు. ఆ ఏడాదే సంస్థను వీడారు. ఆ గీటురాయి మీద పెడితే లోవెల్ నిషేధానికీ 1972 నాటి గృహానికీ తేడా స్పష్టమవుతుంది. మొదటిది పరులు మూసిన తలుపు. రెండోది నివసించేవారే తెరిచి, ఎవరైనా రావడానికీ పోవడానికీ వదిలిపెట్టిన తలుపు.

భారతదేశానికి ఈ తేడా కొత్తది కాదు. కొలంబియాలో చదివి వచ్చిన అంబేడ్కర్‌కు 1917లో బరోడాలో తలదాచుకునే చోటు దొరకలేదు. కులం దాచి పార్సీ సత్రంలో దిగితే, బయటపడగానే వెళ్లగొట్టారు. ఆయన స్థాపించిన బహిష్కృత హితకారిణి సభ 1925లో షోలాపూర్‌లో అస్పృశ్య విద్యార్థులకు వసతి గృహం తెరిచింది. నల్లవారు ఐక్యరాజ్యసమితికి సమర్పించిన వినతిపత్రం ప్రతుల కోసం 1946లో ఆయన లేఖ రాసింది డుబాయిస్‌కే.

వివాదం నేటికీ ముగియలేదు. 2025 ఫిబ్రవరిలో అమెరికా విద్యాశాఖ విశ్వవిద్యాలయాలకు పంపిన లేఖ, వసతి గృహాల్లోనూ జాతుల వేర్పాటు సాగుతోందని ఆరోపించింది. ఆగస్టులో మేరీలాండ్‌లోని ఫెడరల్ న్యాయస్థానం ఆ లేఖను కొట్టివేసింది. వేర్పాటు అన్న మాటనే ఆయుధంగా చేసుకున్న ఆ ఆరోపణలో, ఆ ఇళ్లు ఎందుకు అవసరమయ్యాయన్న చరిత్రకు తావు లేదు.

ఫిలడెల్ఫియాలోని ఆ ఇంటికి నలభై ఏళ్లు నిండిన 2012లో పెన్సిల్వేనియా విశ్వవిద్యాలయం డుబాయిస్‌కు గౌరవ విశ్రాంత ఆచార్య పదవిని ప్రకటించింది. అప్పటికి ఆయన ఘనాలో కన్నుమూసి అర్ధ శతాబ్దం కావస్తోంది.