ఒంటరి గుహ నుంచి ఉమ్మడి వంటింటి దాకా: ఎడారి మఠాలు ఎలా పుట్టాయి, కోల్‌కతా వాటిని ఎలా గుర్తు చేస్తుంది?

ఏటా డిసెంబర్ 24 సాయంత్రం, కోల్‌కతాకు ఎదురుగా హుగ్లీ నది పడమటి ఒడ్డున ఉన్న బేలూరు మఠంలో బాలయేసును ఎత్తుకున్న మరియమ్మ పటం ముందు కొవ్వొత్తులు వెలిగిస్తారు. పూలు, పండ్లు, కేకులు నైవేద్యం పెడతారు. కాషాయం కట్టిన సన్యాసులు క్రీస్తు జీవితం గురించి మాట్లాడతారు. కొత్తగా చూసేవారికి ఇది సర్వమత సమభావం పేరుతో జరిపే లాంఛనంలా అనిపించవచ్చు. కానీ దీని వెనక ఒక రాత్రి జరిగిన సంఘటన ఉంది.

1886 ఆగస్టు 16న రామకృష్ణ పరమహంస కన్నుమూశారు. ఆ డిసెంబరులో ఆయన యువ శిష్యులు కొందరు హుగ్లీ జిల్లా ఆంట్‌పూర్‌లోని తోటి శిష్యుడు బాబూరామ్ ఇంటికి వెళ్లారు. ఒక రాత్రి ధుని చుట్టూ కూర్చున్నప్పుడు నరేంద్రనాథ్ దత్తా (తర్వాతి కాలపు వివేకానంద) యేసు కథ చెప్పి, మనమూ అలాగే అన్నీ విడిచిపెట్టాలన్నారు. అందరూ ప్రమాణం చేశారు. అది క్రిస్మస్ ముందు రాత్రి అని వారికి ఆ తర్వాతే తట్టింది.

ప్రమాణం చేయడానికి ఒక్క రాత్రి చాలు. ఎక్కడ ఉండాలి, ఏం తినాలి, ఎవరి మాట వినాలి అన్న ప్రశ్నలు మర్నాటి నుంచి మొదలవుతాయి. క్రైస్తవ లోకానికి ఇవే ప్రశ్నలు దాదాపు 1,600 ఏళ్లకు ముందు ఈజిప్టు ఎడారిలో ఎదురయ్యాయి. మఠం అనే వ్యవస్థ వాటికి జవాబుగా పుట్టింది.

ఎడారికి ఎందుకు వెళ్లారు?

ఎడారి సన్యాసులలో అందరికంటే పేరున్నవారు ఆంటోనీ. సుమారు 251లో మధ్య ఈజిప్టులోని ఒక భూస్వామి కుటుంబంలో పుట్టారు. ఇరవై ఏళ్లు వచ్చేసరికి తల్లిదండ్రులు పోయారు. ధనవంతుడైన యువకుడితో ఆస్తి అమ్మి పేదలకు పంచమని యేసు చెప్పిన మాట చర్చిలో విని, భూమి వదులుకున్నారు. చెల్లెలిని అప్పటికే ఉన్న కన్యల ఆశ్రమంలాంటి చోట చేర్చారు. అంటే, మగవారు ఎడారి బాట పట్టడానికి ముందే స్త్రీలు ఊళ్లలో కలిసి నియమంగా జీవిస్తున్నారన్నమాట. ఆంటోనీ మొదట ఊరి పక్కన, తర్వాత సమాధుల మధ్య, ఆపైన పాడుబడ్డ కోటలో దాదాపు 20 ఏళ్లు ఒంటరిగా గడిపారు. 356లో మరణించారు. అలెగ్జాండ్రియా బిషప్ అథనాసియస్ కొద్దికాలంలోనే గ్రీకులో రాసిన ఆయన జీవితచరిత్ర లాటిన్‌లోకి వెళ్లి, ఐరోపాలో ఎందరినో సన్యాసం వైపు నడిపించింది.

ఎడారి బాటకు ఒక్క కారణమే లేదు. 313 తర్వాత రోమన్ సామ్రాజ్యంలో క్రైస్తవులపై హింస తగ్గింది. మతం కోసం ప్రాణాలివ్వాల్సిన అవసరం పోయినప్పుడు, రోజూ తనను తాను కష్టపెట్టుకునే సన్యాసమే అమరత్వానికి దగ్గరి దారిగా కొందరికి తోచింది. రెండో కారణం మట్టికి సంబంధించినది. పన్నుల భారం భరించలేక పొలాలు వదిలి పారిపోయే రైతులకు ఈజిప్టులో అప్పటికే ‘అనకొరేసిస్’ అనే మాట ఉంది. పక్కకు తొలగిపోవడం అని దాని అర్థం. ఏకాంత సన్యాసానికీ అదే మాట స్థిరపడింది.

అయితే అందరూ గుహలకే పోలేదు. సన్యాసిని ‘మొనఖోస్’ అని పిలిచిన తొలి పత్రం 324 నాటి ఒక పపైరస్ అర్జీ. కరానిస్ గ్రామ రైతు ఇసిడోరస్ అధికారులకు పెట్టుకున్న ఫిర్యాదు అది. పక్కవారి ఆవు తన పంటను మేసిందని, పట్టుకోబోతే కొట్టారని, ఒక డీకనూ, ఐజాక్ అనే సన్యాసీ అడ్డుపడకపోతే చచ్చేవాడినని రాశాడు. చరిత్ర పత్రాల్లో మనకు మొదట కనిపించే క్రైస్తవ సన్యాసి ఇలా ఊరి తగాదాలో అడ్డం పడ్డ మనిషి.

పకోమియస్ తెచ్చిన మార్పు

ఆంటోనీ చుట్టూ శిష్యులు చేరారు, కానీ ఎవరి గది వారిదే. ఒకే గోడ లోపల, ఒకే నియమంతో బతికే పద్ధతిని నిలబెట్టింది పకోమియస్. సుమారు 292లో ఎగువ ఈజిప్టులో పుట్టిన ఆయన్ను యువకుడిగా ఉండగా బలవంతంగా రోమన్ సైన్యంలోకి తీసుకున్నారు. నిర్బంధంలో ఉన్న ఆ కొత్త సైనికులకు ముక్కూముఖం తెలియని క్రైస్తవులు తిండి తెచ్చిపెట్టారు. ఆ దయే ఆయన్ను క్రైస్తవుణ్ని చేసింది. విడుదలయ్యాక బాప్తిస్మం తీసుకుని, పాలమోన్ అనే వృద్ధ సన్యాసి దగ్గర శిష్యరికం చేశారు.

ఆయన మొదటి ప్రయత్నం విఫలమైంది. వచ్చినవారికి నియమాలేవీ పెట్టకుండా తానే వండి పెట్టి, సేవ చేశారు. వాళ్లు ఆయన్ను పనివాడిలా చూశారు. చివరికి వారిని పంపేయాల్సి వచ్చింది. ఆ అనుభవం తర్వాత సుమారు 320లలో నైలు ఒడ్డున తబెన్నిసిలో స్థిరపడ్డ మఠానికి మాత్రం నియమావళి ఉంది. తినే వేళ, ప్రార్థన వేళ, పని, దుస్తులు అన్నీ అందరికీ ఒకటే. చదువు రానివారు చేరితే నేర్చుకోవాల్సిందే. సన్యాసులు చాపలు, బుట్టలు అల్లేవారు. వాటిని పడవల్లో తీసుకెళ్లి అమ్మేవారు. ఏడాదికోసారి అన్ని మఠాల లెక్కలూ చూసేవారు. 346లో పకోమియస్ మరణించేనాటికి తొమ్మిది పురుషుల మఠాలు, రెండు స్త్రీల మఠాలు ఉన్నాయి. స్త్రీల మఠాన్ని ఆయన సోదరి మరియ నడిపారు. ఈ నియమావళిని 404లో జెరోమ్ లాటిన్‌లోకి మార్చారు. తర్వాత బెనెడిక్ట్ నియమాలతో ఐరోపా అంతటా పాకిన మఠ జీవితానికి ఇది ఒక పునాది.

ఈ రెంటికీ మధ్య ఒక పద్ధతి నైలు డెల్టా పడమట నిట్రియా, స్కేటిస్ ప్రాంతాల్లో పెరిగింది. వారమంతా ఎవరి కుటీరంలో వారు, శని ఆదివారాల్లో అందరూ కలిసి ప్రార్థన, భోజనం. స్కేటిస్ అంటే నేటి వాదీ నట్రూన్. అక్కడ నాలుగు కాప్టిక్ మఠాలు ఇప్పటికీ పనిచేస్తున్నాయి.

సంఘంగా ఉండే సన్యాసం మన నేలకు కొత్త కాదు. ఆంటోనీ కాలంలోనే కృష్ణా తీరాన నాగార్జునకొండలో ఇక్ష్వాకుల ఏలుబడిలో బౌద్ధ విహారాలు వెలిగాయి. వినయ నియమాలు అంతకు ఎన్నో శతాబ్దాల ముందువి. ఒకరి నుంచి ఒకరు తీసుకున్నారని చెప్పడానికి ఆధారం లేకపోయినా, రెండు చోట్లా సంఘం నిలిచింది నియమం మీదే.

బరానగర్‌లో దొండాకు కూర

మళ్లీ కోల్‌కతాకు వద్దాం. ఆంట్‌పూర్ ప్రమాణం చేసిన యువకులు నగరానికి ఉత్తరాన బరానగర్‌లో, దయ్యాలున్నాయని పేరుపడ్డ పాత ఇంట్లో చేరారు. అద్దె, ఖర్చు గృహస్థ భక్తుడు సురేంద్రనాథ్ మిత్ర భరించారు. కొన్ని రోజులు అన్నంలోకి ఉడికించిన దొండాకే కూర. బయటికి వెళ్లేటప్పుడు కట్టుకోవడానికి మంచి బట్ట అందరికీ కలిపి ఒక్కటే.

వీరిలోనూ రెండు దారులు ఉన్నాయి. నరేంద్రుడు సహా చాలామంది పరివ్రాజకులుగా దేశమంతా తిరిగారు. శశి, అంటే తర్వాతి రామకృష్ణానంద, ఎక్కడికీ వెళ్లలేదు. గురువు అస్థికల పూజ, వంట, తిరిగొచ్చినవారి ఆలనాపాలనా అన్నీ ఆయనే చూశారు. ఆ ఇల్లు మఠంగా నిలిచిందంటే అందులో ఆయన పాత్ర పెద్దది. 1897లో మద్రాసు మఠం మొదలుపెట్టిందీ ఆయనే.

అదే ఏడాది మే 1న వివేకానంద రామకృష్ణ మిషన్ స్థాపించినప్పుడు సోదర సన్యాసుల నుంచే ప్రశ్న వచ్చింది. ఆసుపత్రులు, సహాయ కార్యక్రమాలు పాశ్చాత్య పద్ధతి కాదా, గురువు చెప్పింది భగవంతుణ్ని చేరమని కదా అన్నారు. ఎడారిలో ఆంటోనీ, పకోమియస్‌ల దారుల మధ్య ఉన్నదీ ఈ ప్రశ్నే. 1899 నుంచి ఆ సంఘం బేలూరులో ఉంది. ధ్యానం, సేవ రెండూ నియమంలో భాగమయ్యాయి.

అనుమతి దొరకని మఠం, దొరికిన మఠం

నరేంద్రుడికి కాలేజీ రోజుల నుంచి తెలిసిన భవానీచరణ్ బంద్యోపాధ్యాయ్ మరో దారి పట్టారు. 1891లో కాథలిక్ అయ్యారు. 1894లో కాషాయం కట్టి బ్రహ్మబాంధవ్ ఉపాధ్యాయ్ అన్న పేరు పెట్టుకున్నారు. క్రైస్తవం భారతీయ సన్యాసి వేషంలో వస్తేనే ఇక్కడివారికి అర్థమవుతుందని ఆయన నమ్మకం. 1899లో జబల్‌పూర్ దగ్గర నర్మదా తీరాన కాథలిక్ మఠం ప్రారంభించారు. దేశంలో పోప్ ప్రతినిధిగా ఉన్న జలెస్కీ ఒప్పుకోలేదు. ఆ మఠం నిలవలేదు. తర్వాత ఆయన శాంతినికేతన్ పాఠశాల ఆరంభంలో టాగోర్‌కు తోడ్పడ్డారు. ‘సంధ్య’ పత్రిక నడిపి, రాజద్రోహం కేసు విచారణలో ఉండగా 1907లో కోల్‌కతాలోని ఆసుపత్రిలో మరణించారు.

మదర్ థెరిసాది ఇందుకు పూర్తిగా భిన్నమైన అనుభవం. ఆమె 1948 ఆగస్టులో లొరెటో కాన్వెంటు గోడలు దాటింది రోమ్ అనుమతి తీసుకున్నాకే. నీలి అంచు తెల్లచీర కట్టి మురికివాడలకు వెళ్లారు. 1950 అక్టోబర్ 7న మిషనరీస్ ఆఫ్ చారిటీకి గుర్తింపు వచ్చింది. పేదరికం, బ్రహ్మచర్యం, విధేయతలకు తోడు అతి పేదలకు ఉచిత సేవ అన్నది నాలుగో ప్రమాణం. నడినగరంలో పనిచేస్తూనే 1976లో ప్రార్థనే ప్రధానంగా ఉండే శాఖను కూడా ఆ సంఘం ఏర్పాటు చేసుకుంది. ఏకాంతం కోసం పడే తపన సేవాసంఘంలోనూ పోదనడానికి ఇది గుర్తు.

ఆంటోనీ కథ ఈనాటికీ ఆకట్టుకుంటుంది, ఎందుకంటే అందులో ఒక మనిషి అన్నీ వదిలేస్తాడు. పకోమియస్ కథలో వంట, లెక్కలు, పడవలు, చదువు రాని కొత్తవారు కనిపిస్తారు. అది అంత ఆకట్టుకోదు. కానీ వదిలేసినవారు మర్నాడు కలిసి బతకగలిగింది ఆ రెండో కథ వల్లే. బరానగర్‌లో దొండాకు ఉడికించినవారికీ, నర్మద ఒడ్డున మఠం మూసుకోవాల్సి వచ్చిన బ్రహ్మబాంధవ్‌కూ ఆ సంగతి బాగా తెలుసు.