పసిడి నేలపై పేదరికపు నీడ

“పేరు గొప్ప, ఊరు దిబ్బ” అన్నది తెలుగువారి సామెత. కోలారు బంగారు గనుల విషయంలో ఈ సామెత అక్షరాలా నిజమైనది. ఒకనాడు లోకప్రసిద్ధి పొందిన ఈ నేలపై నేడు ఎత్తుగా కనిపించేవి, బంగారం తీయగా మిగిలిన పొడిమట్టితో ఏర్పడిన సైనైడ్ దిబ్బలే. సంపద పుట్టిన చోటనే పేదరికం ఎట్లు నిలిచినదో తెలుసుకొనుటకు ఈ ప్రాంత చరిత్ర కంటె మంచి పాఠం వేరొకటి లేదు.

1802లో లెఫ్టినెంట్ జాన్ వారెన్ ఈ ప్రాంతానికి వచ్చేనాటికే ఇక్కడి గ్రామీణులు మట్టిని కడిగి పసిడి రేణువులను ఏరుకొనేవారు. 1870లలో లావెల్ దొర మైసూరు సంస్థానం నుండి త్రవ్వకాలకు అనుమతి పొందాడు. 1880లో జాన్ టేలర్ అండ్ సన్స్ సంస్థ రంగంలోకి దిగిన పిమ్మట త్రవ్వకాలు ఊపందుకున్నాయి. చాంపియన్ రీఫ్ గని మూడు కిలోమీటర్లకు మించిన లోతుకు చేరి, ప్రపంచంలోని అత్యంత లోతైన గనులలో ఒకటిగా పేరొందింది. సుమారు 120 సంవత్సరాలలో ఈ భూగర్భం నుండి వెలువడిన బంగారం 800 టన్నులని అంచనా.

ఇంత బంగారాన్ని పైకి తెచ్చిన చేతులు ఎవరివి? ఉత్తర ఆర్కాటు, చిత్తూరు మొదలైన ప్రాంతాల నుండి కరవునకు, కులవివక్షకు తాళలేక తరలివచ్చిన నిరుపేదలవి. వారిలో అత్యధికులు దళితులు. గనులలో ఉద్యోగాల అమరికయే ఒక సామాజిక నిచ్చెన. పై మెట్టున ఐరోపా అధికారులు, నడుమ ఆంగ్లో ఇండియన్లు, అట్టడుగున కూలీలు. అధికారులకు విశాలమైన బంగళాలు, క్లబ్బు, గోల్ఫు మైదానం. కూలీలకు ‘లైన్లు’ అని పిలువబడిన ఇరుకు గుడిసెల వరుసలు.

1902లో కావేరి నదిపై శివనసముద్రంలో ఉత్పత్తియైన విద్యుత్తు, దాదాపు 147 కిలోమీటర్ల దూరం ప్రయాణించి ఈ గనులకు చేరింది. బెంగళూరు నగరానికి విద్యుద్దీపాలు వచ్చినది 1905లో మాత్రమే. అయితే ఆ వెలుగు ముందుగా చేరినది యంత్రాలకు, బంగళాలకు. దీపం క్రింద చీకటి అంటే ఇదే కదా! విజ్ఞానం ఎంత పెరిగినా, దాని ఫలం ఎవరికి ముందు అందాలన్నది నిర్ణయించేది సమాజమే.

గనిలో పైకప్పులు ఒక్కసారిగా పేలి కూలేవి. రాతిధూళి ఊపిరితిత్తులలో చేరి సిలికోసిస్ వ్యాధి సోకేది. అయినను కార్మికులు మౌనంగా తలవంచలేదు. వేలిముద్రలతో తమను నమోదు చేసే పద్ధతిని ఆత్మగౌరవానికి భంగకరమని భావించి 1930లో సమ్మె కట్టారు. అంతకు పూర్వమే, 1907లో, మారికుప్పంలో బౌద్ధ సంఘ శాఖ వెలసింది. కులభేదాన్ని నిరాకరించిన వారికి అది అండగా నిలిచింది.

1956లో గనులు మైసూరు ప్రభుత్వపరమై, 1962లో కేంద్ర ప్రభుత్వం చేతికి వెళ్ళాయి. 1972లో భారత్ గోల్డ్ మైన్స్ లిమిటెడ్ ఏర్పడింది. దొరలు పోయారు, కాని ఖనిజం తరిగి, ఖర్చు పెరిగి, 2001 ఫిబ్రవరి 28న గనులు మూతపడ్డాయి. వేలాది కుటుంబాల జీవనాధారం తెగిపోయింది. నాటి కార్మికుల బిడ్డలు వేకువనే రైలెక్కి బెంగళూరుకు పోయి, చీకటి పడ్డాక ఇల్లు చేరటం ఈ ఊరికి అలవాటయింది.

గనుల వెలుపలి కోలారు పల్లెల కథ కూడ ఇందుకు భిన్నం కాదు. జీవనది లేని ఈ జిల్లాను పూర్వులు నిర్మించిన చెరువులే పోషించాయి. చెరువులు పూడిపోగా బోరుబావులు వచ్చాయి. లోతుగా వేయించగల స్థోమత కలవానికి నీరు దక్కింది. చిన్నరైతు బావి ఎండి అప్పు మిగిలింది. గనిలో లోతుకు దిగినవాడు పేదవాడు. పొలంలో లోతుకు పోలేనివాడు పేదవాడు. 2018 నుండి బెంగళూరులో శుద్ధిచేసిన నీరు కొన్ని చెరువులకు చేరుతున్నది. ఆ నీటిలో చిన్నరైతు వాటా ఎంత అన్నదే ఇకపై చూడవలసిన విషయం.

అసమానత విధి వ్రాత కాదు, మానవ నిర్మితం. మనుషులు నిర్మించినదానిని మనుషులే సరిదిద్దగలరు. భూమిలోని బంగారం తరిగిపోయింది. బిడ్డల మేధస్సు తరగని గని. దానిని వెలికితీసే పాఠశాలలో గని కార్మికుని బిడ్డకు, అధికారి బిడ్డకు ఒకే బల్ల, ఒకే పాఠం లభించాలి. ఈ నేల చరిత్ర తల్లిదండ్రులకు, ఉపాధ్యాయులకు, పూర్వవిద్యార్థులకు అప్పగించిన బాధ్యత ఇదే.