లైటు లేని సైకిలు: తప్పు ఎవరిది?



పోయిన మీటింగులో ఒక మాట పడింది. అది నాకు రాత్రంతా నిద్ర పట్టనియ్యలేదు. అందుకే ఇంత పొడుగు రాస్తున్నా. ఓపికగా చదవండి.

మన వీధిలో ఒక తమ్ముడు ఉన్నాడు. పేరు వద్దు, చాలామందికి తెలుసు. 38 ఏళ్ళు. సాంచాల మీద పని. వానాకాలంలో రాత్రి పాళీ ముగించుకొని సైకిలు మీద ఇంటికి వస్తుంటే అక్కల్‌కోట రోడ్డు మీద వెనకనుంచి టెంపో కొట్టింది. కాలు రెండు చోట్ల విరిగింది. లోపల రాడ్డు వేశారు. దవాఖాన ఖర్చు 1,80,000 దాటింది. టెంపో ఓనరు మూడో రోజు వచ్చి 40,000 చేతిలో పెట్టి, స్టాంపు పేపరు మీద "నాకు ఏ ఫిర్యాదూ లేదు" అని సంతకం తీసుకొని పోయాడు. ఇప్పుడు ఆ తమ్ముడు పన్నెండు గంటలు సాంచాల ముందు నిలబడలేడు. భార్య బీడీలు చుట్టి ఇల్లు నడుపుతోంది.

వాళ్ళకు సంఘం నుంచి సాయం చేద్దామని మీటింగులో మాట వచ్చినప్పుడు ఒక పెద్దాయన అన్నాడు: "లైటు లేని సైకిలు మీద రాత్రిపూట పెద్ద రోడ్డెక్కితే తప్పు ఎవరిది?" అందరూ తల ఊపారు. నిజం చెప్పాలంటే నేను కూడా ఊపాను. ఇంటికొచ్చాక ఆలోచన మొదలైంది. ఈ ప్రశ్న కొత్తది కాదు. దీని వెనక వంద ఏళ్ళకు పైగా చరిత్ర ఉంది.

సైకిలు పుట్టినప్పుడు అది నిజంగానే ప్రమాదకరమైన బండి. 1870లలో ఇంగ్లండులో నడిచిన సైకిలుకు ముందు చక్రం మనిషి ఛాతీ ఎత్తు ఉండేది, వెనక చక్రం చిన్నది. దారిలో చిన్న రాయి తగిలినా మనిషి తలకిందులుగా ముందుకు పడేవాడు. 1885లో జాన్ కెంప్ స్టార్లీ అనే ఆయన రెండు చక్రాలూ దాదాపు ఒకే సైజులో పెట్టి, చైనుతో వెనక చక్రాన్ని తిప్పే సైకిలు చేశాడు. 1888లో డన్‌లప్ గాలి టైరు వచ్చింది. ఈ కొత్త రకానికి జనం పెట్టుకున్న పేరు "సేఫ్టీ బైసికిలు". ఇవ్వాళ మనం తొక్కేది ఆ సైకిలే. పేరులోనే భద్రత ఉన్న బండి.

మరి ప్రమాదం ఎక్కడినుంచి వచ్చింది? అమెరికాలో నమోదైన మొదటి మోటారు బండి ప్రమాదాల్లో ఒకటి 1896 మే నెలలో న్యూయార్కులో జరిగింది. మోటారు బండి సైకిలు మీద పోతున్న ఒక మహిళను కొట్టింది. ఆమె కాలు విరిగింది. నడిపినవాడు ఆ రాత్రి జైల్లో ఉన్నాడు. ఆ రోజుల్లో రోడ్డు అందరిది. దాని మీదికి కొత్తగా వచ్చిన వేగపు బండే జాగ్రత్తగా ఉండాలని జనం అనుకునేవారు.

తర్వాత ముప్పై నలభై ఏళ్ళలో మాట తిరగబడింది. ఇంగ్లండులో సైకిలు వెనక ఎర్ర దీపం తప్పనిసరి చేయాలని మోటారు బండ్లవాళ్ళు పట్టుబట్టారు. సైకిలు సంఘాలు ఏళ్ళ తరబడి ఎదురు నిలబడ్డాయి. దీపం అంటే వాళ్ళకు ఇష్టం లేక కాదు. వెనకనుంచి వచ్చేవాడు తన ముందున్నది చూసుకొని నడపాలి. ముందున్నవాడే "నేనున్నా, కొట్టకు" అని చెప్పుకోవాలనే రూలు వస్తే, రేపు ప్రమాదం జరిగినప్పుడు తప్పు వాడి మీదికే తోస్తారు. ఇదీ వాళ్ళ వాదన. చివరికి రెండో ప్రపంచ యుద్ధంలో వీధి దీపాలు ఆర్పేసిన చీకటి రోజుల్లో వెనక దీపం తప్పనిసరి అయింది. వాళ్ళు దేనికి భయపడ్డారో, మొన్న మన మీటింగులో అదే జరిగింది.

ఇక మన ఊరి సంగతికి వస్తా. 1877లో షోలాపూర్‌లో మొదటి మిల్లు పెట్టారు. తర్వాత మిల్లులు పెరిగాయి, వాటి చుట్టూ మన పేటలు పెరిగాయి. తెలంగాణ జిల్లాల నుంచి వచ్చిన మన పెద్దలు మగ్గాల పక్కనే కాపురం పెట్టారు. భోంగా మోగితే నడిచి పోయేంత దూరంలో పని ఉండేది. సైకిలు అప్పుడు ఇంగ్లండు నుంచి వచ్చే సరుకు. అది సేట్ల దగ్గర, మాస్టర్ల దగ్గర కనిపించేది. స్వాతంత్ర్యం తర్వాత మన దేశంలోనే పెద్ద ఎత్తున తయారీ మొదలైంది. 1949లో మద్రాసులో టీఐ సైకిల్స్, 1951లో సోనీపత్‌లో అట్లాస్, 1956లో లూధియానాలో హీరో వచ్చాయి. అప్పటినుంచి సైకిలు కూలివాడి బండి అయింది. నూలు కట్టలు, టవాళ్ళ మూటలు, చాదర్ల గాంఠ్లు, బీడీ ఆకు అన్నీ దాని క్యారియరు మీదనే పోయాయి.

ఆ కాలంలో సైకిలుకు రూలు తక్కువేం కాదు. చాలా మున్సిపాలిటీలు సైకిలుకు పన్ను కట్టించుకొని ఇత్తడి బిళ్ళ ఇచ్చేవి. రాత్రి దీపం లేకపోతే పోలీసు ఆపేవాడు, డబల్ సీటు పోతే ఆపేవాడు, మాట వినకపోతే టైరులో గాలి తీసేవాడు. మా తాత కిరసనాయిలు దీపం హ్యాండిలుకు తగిలించుకొని పోయేవాడట. గాలికి అది ఆరిపోతే దిగి నడిపించుకుంటూ వచ్చేవాడట. జరిమానా భయం అది. కానీ టెంపో గుద్దుతుందన్న భయం మా తాతకు లేదు. ఎందుకంటే రోడ్డు మీద ఎక్కువ పోయేవి టాంగాలు, బండ్లు, సైకిళ్ళు.

ఆ తర్వాత మిల్లులు ఒకటొకటిగా మూతబడ్డాయి. కార్ఖానాలు అక్కల్‌కోట రోడ్డు ఎంఐడీసీ వైపు పోయాయి. బీడీ అక్కలకు కుంభారి దగ్గర ఘర్‌కుల్‌లో పది వేల ఇళ్ళు వచ్చాయి. సొంత ఇల్లు వచ్చింది, సంతోషమే. కానీ ఇంటికీ పనికీ మధ్య పెద్ద రోడ్డు వచ్చి పడింది. 2011 జనాభా లెక్కల ప్రకారం దేశంలో 44.8 శాతం ఇళ్ళలో సైకిలు ఉంది. రోడ్లు వేసినప్పుడు మాత్రం ఆ ఇళ్ళను ఎవరూ లెక్కలోకి తీసుకోలేదు. గంటకు 30 కిలోమీటర్ల వేగంతో తగిలే బండి, 60తో తగిలితే దెబ్బలో ఉండే శక్తి రెండింతలు కాదు, నాలుగింతలు. 2022లో దేశంలో రోడ్డు ప్రమాదాల్లో 1,68,491 మంది పోయారు. అందులో సైకిలు మీద పోయేవాళ్ళు నాలుగున్నర వేలకు పైనే. సైకిలు మారలేదు. దాని చుట్టూ రోడ్డు మారింది.

ఇది మన తలరాత అనుకోవద్దు. ఇవ్వాళ సైకిళ్ళ దేశం అని చెప్పుకునే నెదర్లాండ్స్‌లో 1971లో రోడ్డు మీద మూడు వేల మందికి పైగా చనిపోయారు. అందులో 400 మందికి పైగా పిల్లలు. తల్లిదండ్రులు "పిల్లల హత్యలు ఆపండి" అనే పేరుతోనే ఉద్యమం నడిపారు. పిల్లలకు దీపాలు పంచి ఊరుకోలేదు. ఇళ్ళ మధ్య బండ్ల వేగం తగ్గించమన్నారు, సైకిలుకు వేరే దారి అడిగారు, సాధించుకున్నారు.

ఇప్పుడు అసలు సంగతి, డబ్బు సంగతి. దెబ్బ తగిలినవాడి నష్టం ఎవరు భరించాలి అన్నదానికి కూడా మన దేశంలో ఒక చరిత్ర ఉంది. 1855 చట్టం ఒకటి ఉండేది. మనిషి పోతే వారసులు సివిల్ కోర్టుకు పోవచ్చు, కానీ ఆ ఖర్చు కూలివాడు ఎక్కడ తెస్తాడు? 1939లో మోటారు వాహనాల చట్టం వచ్చింది. దాని కింద 1946 నుంచి ప్రతి మోటారు బండికీ ఎదుటివాడి కోసం బీమా తప్పనిసరి అయింది. ఇది గుర్తు పెట్టుకోండి. ఆ బీమా ఓనరు కోసం కాదు, దెబ్బ తగిలే మన కోసం. 1956 సవరణతో ఈ కేసుల కోసమే ట్రిబ్యునళ్ళకు దారి ఏర్పడింది. 1982లో ఇంకో పెద్ద అడుగు పడింది. డ్రైవరు తప్పు రుజువు చేయకపోయినా, మనిషి పోతే 15,000, శాశ్వతంగా అవిటితనం వస్తే 7,500 ఇవ్వాలన్నారు. 1994 సవరణలో అది 50,000, 25,000 అయింది. 2022 ఏప్రిల్ 1 నుంచి ప్రాణం పోతే 5 లక్షలు, తీవ్ర గాయానికి 2.5 లక్షలు. ఎముక విరగడం చట్టం లెక్కలో తీవ్ర గాయమే.

అంటే మన తమ్ముడి కేసులో లైటు ఉందా లేదా, తప్పు ఎవరిది అన్న చర్చే లేకుండా అడగగలిగిన మొత్తం 2.5 లక్షలు. చేతికి వచ్చింది 40,000.

డ్రైవరు నిర్లక్ష్యం రుజువైతే లెక్క ఇంకా పెద్దది. సుప్రీంకోర్టు 2009లో వయసును బట్టి గుణకాల పట్టిక ఇచ్చింది. 36 నుంచి 40 ఏళ్ళ వాళ్ళకు 15. 2017లో, సొంత పని చేసుకునేవాళ్ళకు కూడా 40 ఏళ్ళలోపు అయితే ఆదాయానికి 40 శాతం కలపాలని చెప్పింది. 2010లో ఇంకో మంచి మాట చెప్పింది: డాక్టరు రాసే అవిటితనం శాతం ఒక్కటే కాదు, ఆ దెబ్బ వల్ల ఆ మనిషి చేసే పని ఎంత పోయిందో చూడాలి. కూర్చొని రాసుకునేవాడి కాలు వేరు, సాంచాల ముందు నిలబడేవాడి కాలు వేరు.

ఉదాహరణకు నెలకు 12,000 సంపాదన అనుకుందాం. 40 శాతం కలిపితే 16,800. సంవత్సరానికి 2,01,600. పదిహేనుతో హెచ్చిస్తే 30,24,000. పని శక్తి 40 శాతం పోయిందని కోర్టు ఒప్పుకుంటే 12,09,600. దవాఖాన ఖర్చు దీనికి అదనం. "లైటు లేదు, అతనిదీ తప్పే" అని బీమా కంపెనీ వాదిస్తుంది. కోర్టు ఒప్పుకుంటే కొంత భాగం కోస్తారు. సగం కోసినా ఆరు లక్షలు దాటుతుంది.

"పాపం, ఆ ఓనరు కూడా మనలాంటివాడే, వాడి మీద కేసేమిటి" అంటారు మనవాళ్ళు. బీమా సరిగ్గా ఉంటే పరిహారం ఇచ్చేది కంపెనీ, ఓనరు కాదు. మనం అడగకపోతే మిగిలేది కంపెనీకే.

అందుకే మన సభ్యులందరూ ఈ సంగతులు ఇంట్లో చెప్పి పెట్టండి.

ప్రమాదం జరిగిన వెంటనే పోలీసు ఫిర్యాదు, పంచనామా ఉండాలి. బండి నంబరు ఫోటో తీయండి. దెబ్బ తగిలినవాణ్ణి దవాఖానకు తీసుకుపోయినవాళ్ళను సతాయించకూడదని సుప్రీంకోర్టు 2016లో చెప్పింది, 2019లో చట్టంలోకి కూడా వచ్చింది. కాబట్టి భయపడి పక్కకు పోవద్దు. 2025 మే నుంచి మోటారు బండి ప్రమాద బాధితులకు మొదటి ఏడు రోజుల్లో 1.5 లక్షల వరకు నగదు లేని చికిత్స పథకం ఉంది. దవాఖానలో అడగండి.

కొట్టిన బండి దొరక్కపోయినా దారి ఉంది. 2022 ఏప్రిల్ నుంచి ప్రాణం పోతే 2 లక్షలు, తీవ్ర గాయానికి 50,000. దరఖాస్తు తాలూకా స్థాయి అధికారి దగ్గర పెట్టాలి.

ఆలస్యం చేయవద్దు. దావాకు గడువు 1994లో తీసేశారు, 2022 నుంచి మళ్ళీ ఆరు నెలలు పెట్టారు. దాన్ని సుప్రీంకోర్టులో సవాలు చేశారు గానీ, ఆ భరోసాతో ఇంట్లో కూర్చోవద్దు. ప్రమాదం ఇంకో ఊళ్ళో జరిగినా మనం ఉండే ఊరి ట్రిబ్యునల్‌లో దావా వేయవచ్చు. సిరిసిల్లకో హైదరాబాదుకో పెళ్ళికి పోయి అక్కడ దెబ్బ తగిలినవాళ్ళకు ఇది చాలా ఉపయోగం.

లైటు సంగతి వదిలెయ్యమని నేను అనడం లేదు. వెనక ఎర్ర లైటు, మడ్‌గార్డుకు, పెడళ్ళకు మెరిసే పట్టీలు, తలకు హెల్మెటు ఉండాలి. ప్రాణం మనది. రాత్రి పాళీకి పోయే సభ్యులందరికీ సంఘం డబ్బుతో ఆ లైట్లు, పట్టీలు కొనిద్దామని వచ్చే మీటింగులో ప్రతిపాదన పెడుతున్నా. కానీ లైటు లేకపోవడం ఒక లోపం. వెనకనుంచి గుద్దడం వేరే సంగతి. మొదటిది చూపించి రెండోదాన్ని మాఫీ చేసే హక్కు మనకెవరూ ఇవ్వలేదు.

రెండో ప్రతిపాదన. ఆ తమ్ముడి ప్రమాదం జరిగి ఇంకా నాలుగు నెలలే. స్టాంపు పేపరు మీద సంతకం పెట్టాడు కదా అని అంతా అయిపోయిందనుకోవద్దు. ఆ కాగితం, దవాఖాన బిల్లులు, ఎక్స్‌రేలు తీసుకొని మనలో ఇద్దరం అతనితో వకీలు దగ్గరికి పోదాం. ఫీజు సంఘం చూసుకోవాలి.

ఆ రోజు మీటింగులో నేను తల ఊపాను. ఆ తప్పు మాత్రం నాదే. ఆదివారం పొద్దున అతని ఇంటికి పోతున్నా. వచ్చేవాళ్ళు చెప్పండి.