మాట వినని కొయ్యబొమ్మ

1881. ఇటలీలో ఒక పిల్లల వారపత్రికలో సీరియల్ ఉన్నట్టుండి ఆగిపోయింది. అందులోని చెక్కబొమ్మ పినోకియో తండ్రి మాట వినలేదు. బడి ఎగ్గొట్టాడు, దొంగలను నమ్మాడు. ఆ దొంగలే వాణ్ని చెట్టుకు ఉరేశారు. మాట వినని పిల్లల గతి ఇంతే అని రచయిత కార్లో కొల్లోడి కథ ముగించేశాడు.

చదివే పిల్లలు ఊరుకోలేదు, పినోకియోను బతికించాల్సిందేనని పట్టుబట్టారు. 1882లో బొమ్మ మళ్లీ లేచింది. 1883లో పుస్తకమైంది. చివరికి వాడు బుద్ధిమంతుడై, మనిషి పిల్లాడిగా మారాడు.

మారకుండా కొయ్యగానే ఉంటే తండ్రి ప్రేమించడా? మెక్సికోలో చిన్నప్పుడు అమ్మ పక్కన కూర్చుని పినోకియో సినిమా చూసిన దర్శకుడు గిలెర్మో డెల్ తోరో ఈ ప్రశ్నను ఏళ్ల తరబడి మోశాడు.

2020, అమెరికాలోని పోర్ట్‌లాండ్ స్టూడియో. డెల్ తోరో సొంత పినోకియో సినిమా తయారవుతోంది. యానిమేటర్ బొమ్మ మోచేతిని వెంట్రుకవాసి కదిపి పక్కకు తప్పుకుంటాడు. కెమెరా ఒక ఫొటో తీస్తుంది. మళ్లీ వచ్చి మరికాస్త కదుపుతాడు. అలాంటి ఫొటోలు ఎన్నో కలిస్తే తెరమీద ఒక్క సెకను. తండ్రి జెపెట్టో సిలికాన్ ముఖం కింద చిన్న చిన్న పళ్లచక్రాలు. పినోకియోది గట్టి ముఖం కాబట్టి, హావభావం మారినప్పుడల్లా ముఖమే మార్చాలి. బొమ్మలు మనుషుల్లా తడబడాలి, గోక్కోవాలి అని డెల్ తోరో పట్టుదల. సహదర్శకుడు మార్క్ గుస్టాఫ్సన్‌తో కలిసి కథను ఇటలీ నియంత ముస్సోలినీ కాలానికి తెచ్చాడు. ఊరంతా తలవంచిన చోట, ఆ నియంత ఎదుటే వాణ్ని వెక్కిరిస్తూ పాడి, ఈ బొమ్మ తూటా తింటుంది. జెపెట్టో మాత్రం, యుద్ధంలో పోయిన తన కొడుకులా ఉండమని బొమ్మను అడగడం చివరికి మానేస్తాడు.

2022 అక్టోబర్ 15, లండన్‌లో తొలి ప్రదర్శన. తన అమ్మ అప్పుడే కన్నుమూసిందని డెల్ తోరో వేదికమీదే చెప్పాడు. ఆ తర్వాతే బొమ్మ తెరమీదకొచ్చింది.

2023 మార్చి 12న ఈ సినిమాకు ఉత్తమ యానిమేషన్ చిత్రంగా ఆస్కార్ వచ్చింది. అదే రాత్రి, అదే వేదికమీద ‘నాటు నాటు’ పాటకు కీరవాణి, చంద్రబోస్ ఆస్కార్ అందుకున్నారు.

భయంతో వినే మాట పిల్లలకు బుద్ధి నేర్పదు. ఉన్నవాణ్ని ఉన్నట్టు దగ్గరకు తీసుకునే తండ్రే నేర్పగలడు. మన దగ్గరా కొయ్యబొమ్మలు ఆడతాయి. తిరుమలగిరికి దగ్గర్లోని తొర్రూరు మండలం అమ్మాపురం, కొయ్యబొమ్మలాటకు పేరున్న ఊరు. అక్కడి కళాకారులు ఎక్కడ ఆడినా పిల్లలను తీసుకెళ్లండి, ముందు వరసలో కూర్చోబెట్టండి.