టేపు చెరపొద్దన్న మనిషి

1966 డిసెంబరు 15. మద్రాసు విజయా గార్డెన్స్ రికార్డింగ్ థియేటరు. అద్దానికి అవతల సౌండ్ ఇంజనీరు స్వామినాథన్. ఇవతల వాద్యాలవాళ్లు శ్రుతులు సరిచూసుకుంటున్నారు. పాటకు నాలుగు గొంతులు. సుశీల, పి.బి. శ్రీనివాస్, ఈలపాట రఘురామయ్య ఎవరో జనానికి చెప్పనక్కర్లేదు. నాలుగో గొంతు ఇంజనీరింగు చదువుకుంటున్న ఇరవై ఏళ్ల కుర్రాడిది. సినిమాకి అదే మొదటి పాట.

ఇప్పట్లా ఒక్కో ముక్కా పాడి అతికించుకునే రోజులు కావవి. వాద్యం, గొంతు అన్నీ ఒకేసారి టేపు మీదికి ఎక్కాలి. వయొలిన్ కమాను ఒక్కటి జారినా, చరణం చివర ఊపిరి చాలకపోయినా అందరూ మళ్లీ మొదలెట్టాల్సిందే. తప్పు ఒకడిది, శ్రమ అందరిదీ. అలాంటిచోట ఒక కొత్తవాణ్ని ఆరితేరిన ముగ్గురి పక్కన నిలబెట్టాడంటే, ఆ సంగీత దర్శకుడికి గుండె ధైర్యమైనా ఉండాలి, చెవి మీద నమ్మకమైనా ఉండాలి. ఎస్.పి. కోదండపాణికి రెండూ ఉన్నాయి. అప్పటికి ఆయన వయసు ముప్పై నాలుగే.

కుర్రాడు బాలసుబ్రహ్మణ్యం, తర్వాతి రోజుల్లో అందరికీ బాలు. రెండేళ్ల కిందట మద్రాసులో జరిగిన పాటల పోటీలో మొదటి బహుమతి కొట్టాడు. కోదండపాణి ఆ గొంతును అక్కడే పట్టుకున్నాడు.

సరే, గొంతు పట్టుకున్నాడు. డబ్బు పెట్టేవాడు ఒప్పుకోవాలి కదా? ఇక్కడే మా కడప కథ మొదలవుతుంది. నిర్మాత పద్మనాభం. సొంతూరు సింహాద్రిపురం. వాన మొహం చాటేసిన ఏడాది కూడా హార్మోనియం పెట్టె మూత తెరుచుకునే సీమ అది. చిన్నప్పుడే పద్యాలు పాడుకుంటూ నాటకాల్లోకి, అక్కణ్నించి 1945లో ‘మాయాలోకం’తో సినిమాల్లోకి వెళ్లినవాడు. ‘పాతాళభైరవి’లో మాంత్రికుడి వెంట తిరిగే డింగరి అంటే ఇప్పటికీ నవ్వొస్తుంది. ఇంకో తమాషా చూడండి: ఆ రోజు పాట రికార్డు చేస్తున్న విజయా వారి నాగిరెడ్డిదీ కడప జిల్లానే.

తెర మీద నవ్వించేవాడు డబ్బు పెట్టి సినిమా తీస్తే పాటలు కూడా తేలికపాటివే ఉంటాయనుకుంటాం. పద్మనాభం లెక్క వేరు. 1965లో ఎన్టీఆర్, సావిత్రులతో ‘దేవత’ తీసినప్పుడు సంగీతం కోదండపాణికే అప్పగించాడు. అందులో ఇల్లాలి మీద ఘంటసాల పాడిన పాట ఇప్పటికీ మా వైపు పెళ్లి వీడియోల్లో మోగుతూనే ఉంటుంది. కట్టినవాడి పేరు అడిగితే మాత్రం పదిమందిలో ఒకరు చెబితే గొప్ప. కోదండపాణి వృత్తి జీవితమంతా ఇంతే. ‘పదండి ముందుకు’, ‘తోటలో పిల్ల కోటలో రాణి’... జానపదమైనా సాంఘికమైనా పాట నిలిచేది, తాను వెనక్కి జరిగేవాడు.

‘దేవత’ తర్వాత ‘పొట్టి ప్లీడరు’, ఆ తర్వాత ‘శ్రీశ్రీశ్రీ మర్యాద రామన్న’. ఆ నాలుగు గొంతుల పాట ఈ సినిమాదే. కొత్తవాడనే బెరుకు నిర్మాతకు ఉందో లేదో గానీ, సంగీత దర్శకుడి మాట మాత్రం కాదనలేదు. నా లెక్కలో ఆ రోజు పద్మనాభం చేసిన ఉపకారం డింగరి కన్నా పెద్దది.

ఈ జోడీ ఆగలేదు. 1970లో పద్మనాభం తానే దర్శకుడై ‘కథానాయిక మొల్ల’ తీశాడు. మొల్ల మా బద్వేలు దగ్గరి గోపవరం ఆడబిడ్డేనని కడపవాళ్ల గట్టి నమ్మకం. నెల్లూరువాళ్లు ఒప్పుకోరు, అది వేరే తగువు. కుమ్మరి ఇంట పుట్టి రామాయణం రాసిన ఆ మనిషి కథకు బాణీలు కట్టిందీ కోదండపాణే. ఆ సినిమాకి బంగారు నంది వచ్చింది. కోదండపాణి 1972లో ‘పండంటి కాపురం’కూ బాణీలు కట్టాడు. 1974లో, నలభై రెండేళ్లయినా సరిగా నిండకుండానే, కోదండపాణి వెళ్లిపోయాడు. అణకువగా ఉంటే నలభై ఏళ్లు పాడతావని ఆ కుర్రాడికి చెప్పిన మనిషి, ఆ తొలి పాట తర్వాత ఎనిమిదేళ్లు కూడా బతకలేదు. బాలు తర్వాత మద్రాసులో కట్టుకున్న రికార్డింగ్ థియేటరుకు తన పేరు పెట్టుకోలేదు, కోదండపాణి పేరు పెట్టాడు.

మళ్లీ ఆ డిసెంబరు రోజుకే వద్దాం. టేకు ఓకే అయింది. వాద్యాలు పెట్టెల్లోకి వెళ్లాయి. టేపు అంటే అప్పట్లో ఖరీదైన సరుకు. పని అయిపోగానే చెరిపి, దాని మీదే ఇంకో పాట ఎక్కించేవారు. కోదండపాణి స్వామినాథన్ దగ్గరికి వెళ్లి ఈ ఒక్కటీ చెరపొద్దని అడిగాడు. బాలు ఈ ముచ్చట ఎన్నోసార్లు చెప్పుకున్నారు. ఏడాది పాటు ఆ టేపు అక్కడే ఉంది. పనిమీద వచ్చిన వేరే సంగీత దర్శకులకు ఆ కుర్రాడి గొంతు వినిపించడానికి.